డ్రైవర్ లైసెన్సు గడువు తీరాక ప్రమాదం జరిగితే పరిహారం ఎవరు కట్టాలి?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతలో ఇది. మీ పేరు మీదున్న టాటా ఏస్‌ను జీతానికి పెట్టుకున్న డ్రైవర్ నడుపుతుండగా బైకు మీద వెళ్తున్న వ్యక్తికి తగిలి ఆయన చనిపోయారు. డ్రైవర్ ట్రాన్స్‌పోర్ట్ లైసెన్సు (సరుకు, కిరాయి బండ్లు నడపడానికి ఇచ్చేది) గడువు ప్రమాదానికి 23 రోజుల ముందే తీరిపోయింది. ప్రమాదం తర్వాత రెన్యువల్ చేయించారు. బండికి థర్డ్ పార్టీ పాలసీ ఉంది. మృతుడి కుటుంబం మోటారు ప్రమాదాల పరిహార ట్రైబ్యునల్‌లో ఓ.పి. (పరిహారం కోరే పిటిషన్) వేసింది, బీమా కంపెనీ మాత్రం ‘లైసెన్సు లేదు, మాకు సంబంధం లేదు’ అని కౌంటర్ (రాతపూర్వక జవాబు) వేసింది. చనిపోయిన వ్యక్తికి కూడా లైసెన్సు లేదు, అది మీకేమైనా పనికొస్తుందా అని కూడా అడిగారు.

ముందు అసలు విషయం చెప్తాను. లైసెన్సు లోపం ప్రధానంగా మీకూ బీమా కంపెనీకీ మధ్య తగాదా. చాలా కేసుల్లో బాధిత కుటుంబానికి డబ్బు బీమా కంపెనీ చేతి నుంచే ముందుగా వెళ్తుంది. ఆ తర్వాత అదే డబ్బు కోసం కంపెనీ మీ ఇంటి తలుపు తడుతుందా లేదా అన్నదే మీ కేసు. దీన్నే కోర్టుల్లో ‘పే అండ్ రికవర్’ అంటారు. లెక్క చూస్తే దాని బరువు తెలుస్తుంది. ట్రైబ్యునల్ 22 లక్షలు, ఏడాదికి 7.5 శాతం వడ్డీతో అవార్డు (పరిహారం తీర్పు) ఇచ్చిందనుకోండి. కేసు తేలడానికి నాలుగేళ్లు పడితే వడ్డీయే 6.6 లక్షలు, మొత్తం 28.6 లక్షలు. ఒక చిన్న సరుకు బండి మీద బతికే కుటుంబం ఆ మొత్తాన్ని తట్టుకోలేదు. అందుకే కేసు ఇంకా కౌంటర్ల దశలో ఉండగానే జాగ్రత్త పడాలి.

మొదట 30 రోజుల వెసులుబాటు సంగతి. గడువు తీరాక నెల రోజులు లైసెన్సు చెల్లుతుందని ఆర్టీఏ (రవాణా శాఖ) ఆఫీసు దగ్గర ఏజెంట్లు ఇప్పటికీ చెప్తుంటారు. అది పాత చట్టం. మోటారు వాహనాల చట్టం 14వ సెక్షన్‌లో అలాంటి వెసులుబాటు ఉండేది. 2019 సవరణతో దాన్ని తీసేశారు, 2019 సెప్టెంబరు 1 నుంచి అది లేదు. ఇప్పుడు కార్డు మీదున్న తేదీతో లైసెన్సు ఆగిపోతుంది. 15వ సెక్షన్‌లో ఏడాది గడువు కనిపిస్తుంది కానీ అది వేరే విషయం. గడువు తీరిన ఏడాదిలోపు దరఖాస్తు చేస్తే మళ్లీ డ్రైవింగ్ టెస్టు లేకుండా రెన్యువల్ చేస్తారు, అంతే. గడువు తీరాక చేసే రెన్యువల్ చేసిన రోజు నుంచే అమల్లోకి వస్తుంది, పాత తేదీకి వెనక్కి వెళ్లదు. తెలంగాణ పోలీసు డ్రైవర్ల నియామకాల వివాదంలో సుప్రీంకోర్టు 2025లో ఇదే చెప్పింది. మధ్యలో ఖాళీ వస్తే లైసెన్సు నిరంతరంగా ఉన్నట్టు కాదు. కాబట్టి ‘తర్వాత రెన్యువల్ అయింది కదా’ అనే వాదన ఒక్కటే మిమ్మల్ని గట్టెక్కించదు. ప్రమాదం జరిగిన రోజున ఆ ఖాళీలో ఉన్నారా లేదా అన్నదే లెక్క. పాత ప్రమాదం కేసు నడుస్తున్నవాళ్లు ఒకటి గుర్తుంచుకోవాలి. కోవిడ్ కాలంలో 2020 ఫిబ్రవరి 1 తర్వాత గడువు తీరిన లైసెన్సులను 2021 అక్టోబరు 31 వరకు చెల్లుతాయని కేంద్రం ఆదేశాలిచ్చింది. ఆ మధ్య జరిగిన ప్రమాదాలకు గడువు వాదన అసలు నిలవదు. అయినా కౌంటర్లలో దాన్ని రాస్తూనే ఉంటారు.

ఇక మీ కేసులో అన్నిటికన్నా బలమైన అంశానికి వస్తాను. డ్రైవర్ కార్డు మళ్లీ తీసి చూడండి. దాని మీద రెండు గడువు తేదీలుంటాయి, నాన్‌-ట్రాన్స్‌పోర్ట్‌కు ఒకటి, ట్రాన్స్‌పోర్ట్‌కు ఒకటి. ట్రాన్స్‌పోర్ట్ లైసెన్సు ఇప్పుడు ఐదేళ్లకు ఇస్తారు (2019కి ముందు మూడేళ్లే). నాన్‌-ట్రాన్స్‌పోర్ట్ తేదీ వయసును బట్టి ఇంకా చాలా ఏళ్ల తర్వాత ఉంటుంది. మీ డ్రైవర్‌కు ట్రాన్స్‌పోర్ట్ తేదీ మాత్రమే తీరిపోయి, ఎల్‌ఎంవీ (లైట్ మోటార్ వెహికల్, తేలికపాటి వాహనం) నాన్‌-ట్రాన్స్‌పోర్ట్ తేదీ ఇంకా ఉందా? ఉంటే మీ కథ మారిపోతుంది.

2017లో సుప్రీంకోర్టు ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం ముకుంద్ దేవాంగన్ కేసులో ఒక మాట చెప్పింది. 2024 నవంబరు 6న ఐదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం బజాజ్ అలయంజ్ – రంభాదేవి కేసులో దాన్నే ఖరారు చేసింది. మొత్తం బరువు, అంటే గ్రాస్ వెహికల్ వెయిట్, 7,500 కిలోలు దాటని బండి అయితే ఎల్‌ఎంవీ లైసెన్సు ఉన్నవాళ్లు దాన్ని ట్రాన్స్‌పోర్ట్ బండిగా కూడా నడపవచ్చు, వేరే ట్రాన్స్‌పోర్ట్ ఎండార్స్‌మెంట్ అక్కర్లేదు. టాటా ఏస్, బొలెరో పికప్ లాంటివి ఆ బరువుకు చాలా కింద ఉంటాయి. కాబట్టి ట్రాన్స్‌పోర్ట్ తేదీ దాటినా, ఎల్‌ఎంవీ తేదీ బతికుంటే ఆయనకు ప్రమాదం రోజున చెల్లే లైసెన్సు ఉన్నట్టే అని గట్టిగా వాదించవచ్చు. డీసీఎం వ్యాన్ల లాంటివి మాత్రం 7,500 గీతకు ఇటూ అటూ ఉంటాయి. వాటి విషయంలో మాట నమ్మొద్దు, ఆర్సీలో రాసిన బరువు చూడాలి. ప్రమాదకర సరుకులు మోసే ట్యాంకర్ల లాంటి వాటికి ప్రత్యేక నియమాలున్నాయి. ఈ తీర్పు వాటిని తప్పించదు.

దీన్ని ఎలా నిరూపించాలి? సారథి పోర్టల్లో (లైసెన్సుల ప్రభుత్వ వెబ్‌సైట్) లైసెన్సు నంబరు, పుట్టిన తేదీ ఇస్తే రెండు తేదీలూ కనిపిస్తాయి. దాన్ని ప్రింటు తీసి పెట్టుకోండి, కానీ కోర్టుకు అది సరిపోదు. లైసెన్సు ఇచ్చిన ఆర్టీఏ నుంచి లైసెన్సు వివరాల ధృవీకృత పత్రం తీసుకోండి. ఏ తరగతి ఎప్పుడు ఇచ్చారు, ఎప్పటిదాకా చెల్లింది, ఎప్పుడు రెన్యువల్ చేశారు అన్నవి అందులో రావాలి. దాంతోపాటు ఆర్సీలో బరువు రాసిన భాగం కూడా ఎగ్జిబిట్‌గా మార్కు చేయించండి (అంటే సాక్ష్యంగా రికార్డులో చేర్పించండి). కంపెనీ తరఫున ఆర్టీఏ అధికారి సాక్షిగా వస్తే మీ వకీలు క్రాస్‌లో అడగాల్సిన ముఖ్యమైన ప్రశ్న ఒకటే: ‘ప్రమాదం తేదీన ఇతని ఎల్‌ఎంవీ ఎంట్రీ అమల్లో ఉందా?’

రెండు తేదీలూ తీరిపోయి ఉంటే పని కష్టమవుతుంది, కానీ చేతులెత్తేయాల్సినంత కాదు. ఇక్కడ చాలామంది యజమానులకు తెలియని తేడా ఒకటుంది. నకిలీ లైసెన్సు కేసు కన్నా గడువు తీరిన లైసెన్సు కేసే యజమానికి ఎక్కువ ఇబ్బంది. నకిలీదైతే, పైకి అసలుదానిలా కనిపించే కార్డును చూసి, బండి నడిపించి చూసి పెట్టుకున్న యజమాని ఆర్టీఏకు వెళ్లి విచారించనక్కర్లేదని సుప్రీంకోర్టు 2003లో లెహ్రూ కేసులో, 2013లో పెప్సు ఆర్టీసీ కేసులో, 2020లో నిర్మలా కొఠారి కేసులో చెప్తూ వచ్చింది. గడువు తేదీ మాత్రం కార్డు మీదే అచ్చు వేసి ఉంటుంది. దాన్ని చూడలేదనడానికి సాకు దొరకదు. 2020లో బేలీరామ్ కేసులో సుప్రీంకోర్టు సరిగ్గా ఇదే కారణంతో, డ్రైవర్ లైసెన్సు రెన్యువల్ అయిందో లేదో చూసుకోవాల్సింది యజమానే అని చెప్పి, బీమా కంపెనీని తప్పించి బాధ్యత యజమాని మీద పెట్టింది. కంపెనీ వకీలు మీ మీద ఈ తీర్పే చూపిస్తారు. దానికి మీ జవాబు: ఆ కేసులో లైసెన్సు గడువు తీరి మూడేళ్లయింది, పైగా అది గాయపడిన డ్రైవర్ స్వయంగా కార్మిక పరిహార చట్టం కింద వేసుకున్న క్లెయిమ్. మీది 23 రోజుల ఖాళీ, క్లెయిమ్ వేసింది మూడో వ్యక్తి కుటుంబం.

మీ వాదనకు వెన్నెముక 2004 జనవరి 5 నాటి సుప్రీంకోర్టు స్వరణ్ సింగ్ తీర్పు. ముగ్గురు న్యాయమూర్తులు అందులో చెప్పిన దాంట్లో మీకు కావాల్సినవి మూడు. లైసెన్సు షరతు ఉల్లంఘన జరిగిందని నిరూపించే భారం బీమా కంపెనీదే. ఉల్లంఘన జరిగిందని చూపిస్తే చాలదు, యజమాని తెలిసి చేశాడని లేదా తగిన జాగ్రత్త తీసుకోలేదని కూడా చూపాలి. ఆ లోపం ప్రమాదానికి కారణమయ్యేంత ప్రధానమైనదై ఉండాలి. మీ డ్రైవర్ ఏళ్లుగా లైసెన్సు ఉన్న మనిషి, ఎప్పుడూ అనర్హుడిగా ప్రకటించలేదు, గడువు దాటాక కూడా టెస్టు లేకుండానే రెన్యువల్ ఇచ్చారు. అంటే ఆయన నైపుణ్యం మీద చట్టానికే సందేహం లేదు. ఆ 23 రోజుల కాగితం లోపం వల్ల బ్రేకు ఆలస్యంగా పడలేదు. ఇలా మూడు మెట్లుగా కౌంటర్లో రాయించండి. లెర్నర్ లైసెన్సు కూడా లైసెన్సే అని అదే తీర్పు చెప్పింది. మీకు అక్కర్లేకపోయినా ఇది చదివే వేరేవాళ్లకు పనికొస్తుందని రాస్తున్నాను.

ఇప్పుడు నేను అన్నిటికన్నా గట్టిగా చెప్పదలచుకున్న మాట. ట్రైబ్యునల్ సమన్లు వచ్చాక ‘బీమా ఉంది కదా, కంపెనీయే చూసుకుంటుంది’ అని ఇంట్లో కూర్చోవద్దు. ప్రమాదం ఎవరి తప్పు అన్న విషయంలో కంపెనీ మీ పక్షం. లైసెన్సు విషయంలో కంపెనీయే మీ ప్రత్యర్థి. మీరు హాజరు కాకపోతే మిమ్మల్ని ఎక్స్‌పార్టీ చేస్తారు, అంటే మీరు లేకుండానే కేసు నడుపుతారు. అప్పుడు కంపెనీ ఒక అధికారిని సాక్షిగా పిలిచి, పాలసీ మార్కు చేయించి, లైసెన్సు చూపమని మీకు రాసిన నోటీసు కాపీ, దాని పోస్టల్ అక్నాలెడ్జిమెంటు పెట్టి, ‘నోటీసిచ్చినా చూపలేదు’ అంటుంది. దానికి ఎదురు చెప్పేవాళ్లు అక్కడ ఉండరు. బాధిత కుటుంబానికి డబ్బు వస్తే చాలు కాబట్టి వాళ్ల వకీలు ఈ అంశం మీద పెద్దగా పోరాడరు. తీర్పులో ‘కంపెనీ ముందు కట్టి యజమాని నుంచి వసూలు చేసుకోవాలి’ అనే ఒక్క వాక్యం పడుతుంది. దాన్ని మీరు అప్పీలు చేయకపోతే, కంపెనీ వేరే దావా కూడా వేయనక్కర్లేదు. అదే ట్రైబ్యునల్‌లో ఎగ్జిక్యూషన్ పిటిషన్ (తీర్పును అమలు చేయమని కోరే పిటిషన్) వేస్తే చాలని 2004లో నంజప్పన్ కేసులో తేలిపోయింది. అక్కడ మీరు లైసెన్సు సంగతి మొదటినుంచీ మళ్లీ వాదించలేరు.

కాబట్టి సొంత వకీలును పెట్టుకోండి. కంపెనీ వకీలే మీకూ వకాలత్ వేస్తానంటే ఒప్పుకోవద్దు. సాక్షి బోను ఎక్కి మీరు చెప్పాల్సింది పెద్ద కథ కాదు. ఉద్యోగంలోకి తీసుకునేటప్పుడు ఒరిజినల్ లైసెన్సు చూశాను, తరగతీ గడువూ చూశాను, బండి ఇచ్చి నడిపించి చూశాను, జిరాక్సు తీసుకున్నాను. గడువు దగ్గర పడినప్పుడు రెన్యువల్ చేయించుకోమని ఎప్పుడు, ఎలా చెప్పారో కూడా చెప్పండి. నోటి మాటకన్నా కాగితం బలం. డ్రైవర్‌ను పెట్టుకున్న రోజు తీసిన జిరాక్సు, జీతం పంపిన బ్యాంకు వివరాలు, రెన్యువల్ గురించి పెట్టిన వాట్సాప్ మెసేజ్ ఉంటే దాని ప్రింటు, ఎలక్ట్రానిక్ సాక్ష్యానికి కావాల్సిన సర్టిఫికెట్‌తో సహా, ఇవి పెట్టండి. రెన్యువల్‌కు స్లాట్ ప్రమాదానికి ముందే బుక్ చేసి ఉంటే ఆ దరఖాస్తు రసీదు మీ కేసులో చాలా విలువైన కాగితం. గడువులో ఉండగానే దరఖాస్తు పెట్టిన మనిషికీ ప్రమాదం తర్వాత పరిగెత్తిన మనిషికీ ట్రైబ్యునల్ కళ్లలో చాలా తేడా ఉంటుంది.

కంపెనీ వైపు సాక్ష్యంలో ఎక్కడ డొల్ల ఉంటుందో కూడా చూడండి. ఎక్కువ కేసుల్లో వాళ్ల ఆధారం పోలీసు ఛార్జిషీటులో 3 రెడ్ విత్ 181 సెక్షన్ (లైసెన్సు లేకుండా నడపడం) చేర్చడం. ఛార్జిషీటు ఆరోపణ మాత్రమే, రుజువు కాదు. లైసెన్సు లేదనో గడువు తీరిందనో చూపాలంటే ఆర్టీఏ రికార్డు తెప్పించాలి, దాన్ని అధికారి ద్వారా మార్కు చేయించాలి. ఇన్వెస్టిగేటర్ రిపోర్టును అతన్ని సాక్షిగా పిలవకుండా పెడితే దానికి పెద్ద విలువ ఉండదు.

ఒక హెచ్చరిక. ఈ దశలో కొందరు ‘లైసెన్సు సరిగ్గా ఉన్న ఇంకో డ్రైవర్ పేరు పెట్టేద్దాం’ అని సలహా ఇస్తారు. ఎట్టి పరిస్థితుల్లోనూ వద్దు. 2022 ఏప్రిల్ 1 నుంచి అమల్లోకి వచ్చిన నిబంధనల ప్రకారం పోలీసులు 48 గంటల్లో తొలి ప్రమాద నివేదిక, 90 రోజుల్లో సమగ్ర నివేదిక ట్రైబ్యునల్‌కు ఇవ్వాలి, డ్రైవర్, యజమాని చెరొక ఫారం నింపాలి. ఎఫ్‌ఐఆర్‌లో చూసినవాళ్లు చెప్పిన పేరు, ఆసుపత్రి రికార్డు, ఫోన్ లొకేషన్, ఇవన్నీ తర్వాత బయటికి వస్తాయి. 2018లో పప్పు కేసులో యజమాని చూపిన లైసెన్సుదారే బండి నడిపాడని నిరూపించలేకపోయాడు, చివరికి కంపెనీ కట్టి అతని దగ్గర వసూలు చేసుకోవాలనే తీర్పు వచ్చింది. 23 రోజుల పొరపాటు అప్పటికి అబద్ధంగా మారిపోతుంది. మోసం జరిగిందని తేలితే జాగ్రత్తపడిన యజమాని అన్న మీ వాదన మొత్తం కూలిపోతుంది, పైగా క్రిమినల్ కేసు.

మృతుడికి లైసెన్సు లేకపోవడం గురించి అడిగారు. దాని మీద ఆశ పెట్టుకోవద్దు. లైసెన్సు లేకుండా బండి నడపడం నేరమే, కానీ ఆ ఒక్క కారణంతో ప్రమాదంలో అతని తప్పూ ఉందని అనలేమని సుప్రీంకోర్టు 2008లో సుధీర్ కుమార్ రాణా కేసులోనూ, 2018లో దినేష్ కుమార్ కేసులోనూ చెప్పింది. అతను రాంగ్ సైడులో వచ్చాడా, సిగ్నల్ దాటాడా, సీన్ పంచనామాలో టైరు గుర్తులు ఎటున్నాయి అన్నవి వేరే. అవి ఉంటే వాటి మీద వాదించండి. మీరు చనిపోయిన మనిషి లైసెన్సు లేమిని పట్టుకుని, మీ డ్రైవర్ గడువును చూడొద్దంటే జడ్జికి అది రుచించదు కూడా.

కొత్త చట్టం గురించి ఒక మాట. బీమా కంపెనీ బాధ్యత గురించి చెప్పే పాత 149వ సెక్షన్ స్థానంలో 2022 ఏప్రిల్ 1 నుంచి 150వ సెక్షన్ వచ్చింది. మాటలు కొంత మారాయి. లైసెన్సు లేకపోవడంతో పాటు తాగి నడపడం కూడా కంపెనీ వాడుకోగల కారణాల్లో చేరింది. ఆ తేదీ తర్వాతి ప్రమాదాల్లో ‘పే అండ్ రికవర్’ కూడా ఇప్పుడు కుదరదని కంపెనీలు వాదన లేవదీస్తున్నాయి. ఆ వాదన నెగ్గితే మొత్తం భారం మొదటి రోజు నుంచే యజమాని మీద పడుతుంది. అందుకే ‘ఎలాగూ కంపెనీ ముందు కడుతుంది’ అన్న ధీమాతో కాకుండా, ఉల్లంఘనే లేదు, ఉన్నా నా వైపు నిర్లక్ష్యం లేదు అన్న పాయింటు మీదే కేసు నడపండి.

థర్డ్ పార్టీతో పాటు సొంత డ్యామేజీ కవర్ కూడా తీసుకుని ఉంటే, మీ బండి డ్యామేజీ క్లెయిమ్‌కూ, పాలసీలో యజమాని-డ్రైవర్‌కు ఉండే 15 లక్షల వ్యక్తిగత ప్రమాద కవర్‌కూ ఇప్పటిదాకా చెప్పిందేదీ అంతగా వర్తించదు. అవి మీకూ కంపెనీకీ మధ్య కాంట్రాక్టు. వాటిలో మూడో వ్యక్తిని కాపాడాలన్న చట్టం అండ ఉండదు. ప్రమాదం రోజున చెల్లే లైసెన్సు ఉండాలని పాలసీ సూటిగా అడుగుతుంది. ఎల్‌ఎంవీ తేదీ బతికుంటే 2024 తీర్పు చూపి డ్యామేజీ క్లెయిమ్ కూడా అడగండి, తిరస్కరిస్తే వినియోగదారుల కమిషన్‌కు వెళ్లొచ్చు. రెండు తేదీలూ పోయి ఉంటే దాని మీద ఖర్చు పెట్టుకోకండి.

ఇక గడువులు. ట్రైబ్యునల్ తీర్పు మీకు వ్యతిరేకంగా వస్తే 173వ సెక్షన్ కింద హైకోర్టుకు అప్పీలు 90 రోజుల్లో వేయాలి. మీరు చెల్లించాల్సిన అవార్డు అయితే అప్పీలుతో పాటు 25,000 రూపాయలు గానీ, అవార్డులో సగం గానీ, ఏది తక్కువైతే అది డిపాజిట్ చేయాలి. రికవరీ వాక్యం ఒక్కదాని మీదే కూడా అప్పీలు వేసుకోవచ్చు, పరిహారం మొత్తాన్ని ప్రశ్నించనక్కర్లేదు. ఈలోగా ఈ వారమే చేయాల్సింది: కార్డు మీద రెండు తేదీలూ చూడటం, ఆర్టీఏలో ధృవీకృత పత్రానికి దరఖాస్తు పెట్టడం, కంపెనీ నుంచి లైసెన్సు చూపమని నోటీసు వచ్చి ఉంటే దానికి రాతపూర్వకంగా జవాబిచ్చి రసీదు దాచుకోవడం. కార్డు మీద నాన్‌-ట్రాన్స్‌పోర్ట్ తేదీ ఎంతుందో, బండి ఆర్సీలో బరువు ఎంతుందో ఇక్కడ రాయండి, మీ కౌంటర్లో ఏ పాయింటు ముందు పెట్టాలో చెప్తాను.